కరణిని మరచిన కరణీయం

ప్రతి భాషలోనూ కొన్ని విశేషణాలు తమ విశేష్యానికి దూరమై ఒంటరిగా మిగిలిపోతాయి. దూరం నుండి చూస్తే తెలిసిన ముఖంలాగే ఉంటుంది. దగ్గరకు వెళ్ళి పలకరిస్తే మనమనుకున్న మనిషి కాదని తేలుతుంది. తెలుగు గణిత పుస్తకాల్లోని 'అకరణీయ' అనే విశేషణం అటువంటిది. పాఠశాల విడిచిన తరువాత దానిని ఉచ్చరించవలసిన అవసరం నూటికి తొంభైమందికి కలగదు. కాని తెలుగు మాధ్యమంలో చదువుకొన్న ప్రతి ఒక్కరూ 'అకరణీయ సంఖ్యలు' అనే అధ్యాయాన్ని దాటి వచ్చినవారే.

నిర్వచనంలో చిక్కేమీ లేదు. రెండు పూర్ణ సంఖ్యల నిష్పత్తిగా, హారం సున్న కాకుండా, వ్రాయగలిగినది అకరణీయ సంఖ్య. 3/4 అటువంటిది, 22/7 అటువంటిది, 5 కూడా అటువంటిదే, ఎందుకంటే దానిని 5/1 అని వ్రాయవచ్చు. అలా వ్రాయడానికి ఏ విధంగానూ వీలుకానిది కరణీయ సంఖ్య. 2 యొక్క వర్గమూలం, వృత్తపరిధికి వ్యాసంతో గల నిష్పత్తియైన 'పై' ఈ కోవలోనివి.

చిక్కంతా పేరులోనే ఉన్నది. 'కరణీయం' అనగానే మనకు స్ఫురించేది 'చేయదగినది' అనే అర్థం. ప్రభుత్వ పత్రాల్లో 'తక్షణ కరణీయం' అన్న మాట అధికారులందరికీ పరిచితమే. పాళీ సాహిత్యంలోని కరణీయమెత్త సుత్తం పేరులో ఉన్నదీ ఈ అర్థమే. ఉపసంపద పొందిన భిక్షువు ఎన్నడూ చేయరాని నాలుగు పనులను వినయపిటకం 'అకరణీయాలు' అన్నది. మరి నాలుగింట మూడు వంతులు చేసిన పాపమేమిటి? దానిని చేయరాని సంఖ్య అని ఎందుకు అనాలి?

ఈ ప్రశ్న పరిహాసానికి వేసినది కాదు. జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలల్లో గణితం బోధించిన సంవత్సరాల్లో ఇది నన్ను అనేక రూపాల్లో ఎదుర్కొన్నది. వాటిలో ఒకటి నేటికీ మనసులో ఉన్నది. చేనేత కుటుంబం నుండి వచ్చిన పిల్లవాడొకడు, లెక్కల్లో తరగతికి మొదటివాడు, ఒక పరీక్షలో 2 వర్గమూలం నిష్పత్తి రూపంలోకి రాదని అక్షరం పొల్లు పోకుండా నిరూపించాడు. చివరి వాక్యంలో మాత్రం 'కనుక ఇది అకరణీయ సంఖ్య' అని వ్రాశాడు. వ్రాయవలసినది 'కరణీయ సంఖ్య'. మార్కులు పోయాయి. నేను పిలిచి అడిగితే, "నిష్పత్తిగా వ్రాయలేము కదండీ మాష్టారూ, లేనిదానికే కదా ముందు 'అ' పెడతాం?" అన్నాడు. అతని గణితం తప్పలేదు, తర్కమూ తప్పలేదు. పేరు ఒక్కటే అతనికి ఎదురు తిరిగింది. ఆ మరుసటి సంవత్సరం అతడు తెలుగు మాధ్యమం విడిచివెళ్ళాడు. దానికి కారణం ఈ ఒక్క మాటే అనను. కాని ఇటువంటి మాటలు పది పోగైతే, తన భాషలో గణితం పొసగదన్న నమ్మకం పిల్లవాడిలో స్థిరపడుతుంది.

అతడు ఊహించిన పద్ధతే పొరుగు భాషల్లో ఉన్నదని గమనించాలి. హిందీలోనూ మరాఠీలోనూ నిష్పత్తిగా వ్రాయగల సంఖ్య 'పరిమేయ', వ్రాయలేనిది 'అపరిమేయ'. కన్నడంలో 'భాగలబ్ధ', 'అభాగలబ్ధ'. బెంగాలీలో 'మూలద', 'అమూలద'. మలయాళంలో 'భిన్నకం', 'అభిన్నకం'. అంతటా నిషేధం వర్గమూలం వంటి సంఖ్యల పక్షాన నిలిచింది. తెలుగులో మాత్రం నిషేధం భిన్నాల మీద పడింది. ఒక్క 'అ'కారం అటునుండి ఇటు మారింది.

ఎందుకు మారినదో తెలియాలంటే వ్యాకరణం తలుపు తట్టాలి. 'కృ' ధాతువుకు 'అనీయ' ప్రత్యయం చేరితే ఒక 'కరణీయం' ఏర్పడుతుంది; దాని అర్థం చేయదగినది. 'కరణి' అనే నామవాచకానికి సంబంధార్థంలో 'ఈయ' చేరితే మరొక 'కరణీయం' ఏర్పడుతుంది; దాని అర్థం కరణికి సంబంధించినది. రూపం ఒకటే, పుట్టుక వేరు. గణితంలోనిది రెండవది. కనుక అకరణీయం అంటే చేయరానిది కాదు, కరణి కానిది.

మరి కరణి ఏమిటి? త్రికరణశుద్ధి అనే మాట తెలుగువారందరికీ తెలుసు. మనస్సు, వాక్కు, కాయం అనే మూడు సాధనాలు శుద్ధిగా ఉండాలని దాని భావం. దేనితో పని జరుగుతుందో అది కరణం. దాని స్త్రీలింగ రూపం కరణి. శుల్బసూత్రాల్లో ఈ మాట తాడును చెబుతుంది. శుల్బమంటేనే తాడు. క్రీస్తుకు పూర్వం అనేక శతాబ్దాల నాటి ఆ గ్రంథాలు యజ్ఞవేదికలను తాళ్ళతో, మేకులతో నేలమీద కొలిచి నిర్మించే పద్ధతులను చెబుతాయి. ఒక చతురస్రపు కర్ణం పొడవున తాడు తీసుకొని, దానిని భుజంగా చేసి మరొక చతురస్రం నిర్మిస్తే వైశాల్యం రెట్టింపవుతుంది. రెట్టింపు చేసే తాడు గనుక అది ద్వికరణి. మూడు రెట్లు చేసేది త్రికరణి. ఈనాటి భాషలో అవి 2, 3 సంఖ్యల వర్గమూలాలు. ఈ సూత్రకారుల్లో ఒకడైన ఆపస్తంబుని పేరును తెలుగునాట అనేక కుటుంబాలవారు నేటికీ తమ ప్రవరలో చెప్పుకొంటారు. ఆయన సూత్రాల్లో తాడు లెక్క ఉన్నదని మాత్రం కొద్దిమందికే తెలుసు.

ద్వికరణి పొడవును బౌధాయనుడు, ఆపస్తంబుడు ఇలా లెక్కించారు: ఒకటికి మూడవ వంతు కలిపి, ఆ మూడవ వంతులో నాలుగవ వంతు కలిపి, ఆ చివరి భాగంలో ముప్పైనాలుగవ వంతు తీసివేయాలి. ఫలితం 577/408. వేయి మీటర్ల భుజం గల చతురస్రం గీస్తే, కర్ణంలో ఈ లెక్కకూ నిజానికీ తేడా సుమారు రెండు మిల్లీమీటర్లు.

ఒక ఏడాది ఈ భిన్నాన్ని పిల్లలకిచ్చి వర్గం కట్టమన్నాను. 577 వర్గం 332929. 408 వర్గానికి రెట్టింపు 332928. తరగతిలో కొంతసేపు నిశ్శబ్దం. "ఒక్కటి మిగిలిందండీ" అన్నది ఒక బాలిక. ఇంకా పెద్ద సంఖ్యలు తీసుకొంటే ఆ ఒక్కటీ పోతుందా అని మరొకరు అడిగారు. ఎన్నటికీ పోదు, అది పోదని నిరూపించడమే ఆ రోజు పాఠమైంది. పాఠశాల మైదానంలో తాడుతో చతురస్రం గీసి, దాని కర్ణంపై మరొక చతురస్రం నిలిపిన తరువాత ఆ తరగతిలో కరణీయానికీ అకరణీయానికీ తికమకపడినవారిని నేను చూడలేదు. వారు మాటను వల్లించలేదు, తాడును పట్టుకొన్నారు.

ఇక్కడ ఒక విషయం నిష్పక్షపాతంగా చెప్పాలి. శుల్బకారులు ఉజ్జాయింపు విలువనిచ్చారు. నిష్పత్తి అసాధ్యమన్న నిరూపణ వారు వ్రాయలేదు. ఆ ఘనత ప్రాచీన గ్రీకులది. ఆ సంఖ్యలకు వారు పెట్టిన పేరు 'అలోగోస్', అంటే నిష్పత్తి లేనిదనీ, మాటకందనిదనీ అర్థం. దానిని అరబ్బు పండితులు 'చెవిటిది' అనే అర్థంలో 'అసమ్' అన్నారు. 12వ శతాబ్దిలో లాటిన్ అనువాదకులు అదే అర్థంలో 'సర్డస్' అన్నారు. ఇంగ్లీషులోని 'సర్డ్' దాని సంతానమే. పడమటి పేర్లు ఆ సంఖ్యకు ఏమి లేదో చెబుతాయి. మన పేరు అది ఏమి చేస్తుందో చెబుతుంది. 628లో బ్రహ్మగుప్తుడు, 12వ శతాబ్దిలో బీజగణితం వ్రాసిన భాస్కరాచార్యుడు కరణులను కూడడం, గుణించడం వంటి పరిక్రియలను బోధించారు. తాడు సంఖ్యగా మారినా పేరు నిలిచింది. ఆ పేరునే తెలుగు పరిభాష స్వీకరించింది. కరణి ముందున్నది గనుక, కానిదానికి 'అ'కారం వచ్చింది.

ఈ పేరుకు ఒక పరిమితి కూడా ఉన్నది. 'పై' ఏ తాడు రెట్టింపు వలనా పుట్టినది కాదు. పూర్ణ సంఖ్యలు గుణకాలుగా గల ఏ బహుపది సమీకరణానికీ అది మూలం కాదని 1882లో లిండెమన్ నిరూపించాడు. అయినా దానిని కరణీయమనే అంటున్నాం. అంటే మాట తాను పుట్టిన ఇంటికన్నా పెద్దదైంది. భాషలో అది సహజమే. నూనె మొదట నువ్వులదే. ఇప్పుడు వేరుశెనగదీ నూనే.

ఒక పరిభాషా సమావేశంలో ఈ మాటను తొలగించి 'పరిమేయ' స్వీకరించాలని ఒక పెద్ద అధికారి సూచించారు. ఆయన వాదం తేలికైనది కాదు. జాతీయ స్థాయి పరీక్షలు అనేక భాషల్లో జరుగుతున్నాయి. ఇంజనీరింగ్ ప్రవేశానికి జరిగే జె.ఇ.ఇ. మెయిన్ 2021 నుండి తెలుగుతో సహా 13 భాషల్లో ఉన్నది. అక్కడ ఒక్క 'అ'కారం ఒక జీవితపు దారిని మార్చగలదు. అందరికీ ఒకే పదముంటే మేలు కదా అన్నారు. నేను అడిగినది ఒకటే: పరిమేయమంటే కొలవదగినది, కళ్ళ ముందు తాడుతో కొలిచిన కర్ణాన్ని అపరిమేయమంటే పిల్లవాడు ఒప్పుకొంటాడా? అక్కడా ఒక వివరణ కావలసిందే. వివరణ ఎలాగూ తప్పనప్పుడు, తరాలుగా పుస్తకాల్లో ఉన్న మాటకే ఆ శ్రమ పడవచ్చు.

లోపం మాటలో కన్న వరుసలో ఉన్నది. నేను బోధించిన పుస్తకాల్లో అకరణీయం ముందు వచ్చేది. కరణీయం మరుసటి తరగతిలో. కరణి ఆ తరువాత, ఒక నిర్వచనంగా, తాడు ఊసు లేకుండా. కొడుకును చూపించకుండా కోడలిని పరిచయం చేసినట్లుగా, ఉన్నదేదో చెప్పకుండా కానిదాన్ని నేర్పించాము. వరుస సరిచేయడానికి కొత్త సంఘాలు అక్కరలేదు. అధ్యాయం మొదట నాలుగు వాక్యాలు, తాడు బొమ్మ ఒకటి చాలు. చేయగలిగినవారి చేతుల్లోకి ఈ పత్రిక వెళుతుంది కనుక ఇంత వ్రాశాను. మొదటి అర్థంలో చెప్పాలంటే, ఇది కరణీయం.