జీతము దయాభిక్ష కాదు

నెలజీతముపై సాగు సంసారమునకు మొదటి తేదీయే పండుగ. పాలవానికి, చిల్లరకొట్టువానికి, బిడ్డల బడికి మన మిచ్చిన మాటలన్నియు నా తేదీమీదనే నిలిచియుండును. మా దొరవారిసత్రమునకు చేరువనున్న నేలపట్టు చెఱువునకు గూడబాతులు ఏటేట ఋతువెఱిగి వచ్చును. కొన్ని యిండ్లకు జీతము మాత్ర మట్లు రాదు. అట్టి వేళ ఇల్లాలు నగ తాకట్టు పెట్టుటయే గాని, చట్టమేమనుచున్నదని యడుగుట యరుదు.

ఇందు రెండు ప్రశ్నలు పెనవేసికొని యున్నవి. ఉద్యోగము నిలుచునా యనునది యొకటి. చేసిన పనికి జీతము వచ్చునా యనునది రెండవది.

ఉద్యోగము శాశ్వతమని చెప్పజాలము. 1984 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము ఆర్డినెన్సు మూలమున కరణము, మునసబు మొదలగు గ్రామోద్యోగములను రద్దుచేసెను. తరతరములుగ ఆ వృత్తిని నమ్మినవారి వ్యాజ్యము సుప్రీంకోర్టు దాక పోయెను. 1985లో ఆ న్యాయస్థానము రద్దు చెల్లునని తీర్పు చెప్పెను. పదవినే తీసివేయుట మనిషిని శిక్షించుట కాదని దాని భావము. ప్రభుత్వోద్యోగిపై నేరము మోపి తొలగించుట వేఱు. అప్పుడు రాజ్యాంగము 311వ అధికరణము ననుసరించి, సాధారణముగ ఆరోపణ తెలిపి, విచారణ జరిపి, సమాధానమున కవకాశ మీయవలెను.

చేసిన పనికి జీతమన్ననో, అది యట్లు రద్దగునది కాదు. 2020లో కరోనా ప్రబలినపుడు రాష్ట్రప్రభుత్వము ఉద్యోగుల మార్చి, ఏప్రిల్ జీతములలోను, విశ్రాంతోద్యోగుల మార్చి పింఛనులోను కొంత భాగమును నిలిపియుంచెను. విశ్రాంత జిల్లా న్యాయమూర్తి యగు నొక వనిత హైకోర్టు నాశ్రయించెను. బకాయిని ఏటికి నూటికి 12 వడ్డీతో చెల్లింపుమని ఆ కోర్టు ఆజ్ఞాపించెను. ప్రభుత్వము సుప్రీంకోర్టున కేగగా, 2021 ఫిబ్రవరి 8న వడ్డీ 6కు తగ్గెను. కాని చేసిన సేవకు జీతము ఉద్యోగి హక్కే యని స్థిరపడెను.

ఇది క్రొత్త ధర్మము కాదు. భారతమున సభాపర్వమందు నారదుడు ధర్మరాజును, సేనకు అన్నమును జీతమును కాలము తప్పక యిచ్చుచున్నావా యని యడిగెను గదా! ఇచ్చినంత చాలదు, వేళకీయవలెనని ఆ ప్రశ్నలోని మర్మము.

మా పినతండ్రి కుమార్తె భర్త యొక కార్యాలయమున తాత్కాలికోద్యోగి. రేపటినుండి రావలదని యొకనాడు నోటిమాటగ చెప్పి పంపివేసిరి. అంతకు ముందు మూడు నెలల జీతమును ఈయలేదు. ఆయన క్రుంగిపోయెను గాని, ఆమె నియామకపు టుత్తరువు, హాజరు నకళ్లు, బ్యాంకు పుస్తకము పెట్టెలో భద్రపఱచియుండెను. దరఖాస్తు వ్రాయించి, రసీదు పుచ్చుకొనెను. కొంత కాలమునకు బకాయి ముట్టినది. ఉద్యోగపు వివాదము మాత్ర మింకను కోర్టులోనే యున్నది.

కావున సోదరీమణులారా, మగవారి వ్యవహారమని యూరకుండ వలదు. జీతపు బకాయికి దావా వేయుటకు చట్టము మూడేండ్ల గడువే యిచ్చినది. మొగమాటముతో దానిని జాఱవిడువరాదు. ఉద్యోగిని స్త్రీయే యైనచో, 1987 నాటి చట్టము ననుసరించి, ఆదాయముతో పనిలేకయే జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారా ఉచితముగ న్యాయవాదిని పొందవచ్చును. నగలపెట్టెలో ఆ కాగితములకును కొంచెము చోటీయుడు. కష్టకాలమున నగ యొక్కసారియే యక్కఱ తీర్చును. కాగితము హక్కును నిలువబెట్టును.