పూత మీద బేరం

పుట్టిన ఊరు బనగానపల్లె అని చెబితే చాలు, న్యూజెర్సీలో ఏ తెలుగువాడి మొహమైనా విప్పారుతుంది. అది నా మీద అభిమానం కాదు. వెంటనే వచ్చే ప్రశ్న, "అయితే మీకు మామిడితోట ఉందా?" మా మామకు ఉందంటే కుర్చీ వేసి కూర్చోబెడతారు. యాగంటి బసవన్న గురించి, వీరబ్రహ్మంగారు కాలజ్ఞానం రాశారని చెప్పే రవ్వలకొండ గురించి, 1948 దాకా సాగిన నవాబుల సంస్థానం గురించి ఎవరూ అడగరు. నవాబు బంగళా ఫొటో చూపిస్తే మాత్రం "ఇది అరుంధతి కోట కదా!" అంటారు. 2009లో ఆ సినిమా వచ్చాక మా ఊళ్ళో కూడా అదే పేరు స్థిరపడింది. కథలో అది గద్వాల, గోడలు మావి.

మామిడి సంగతికొస్తాను. మే నెల వస్తే ఇక్కడి వాట్సాప్ గ్రూపుల్లో ఆర్డర్లు మొదలవుతాయి. శనివారం సాయంత్రం గుడి పార్కింగ్‌లో ఒకావిడ కారు డిక్కీ తెరుస్తుంది, చుట్టూ జనం. మూడు కిలోల అట్టపెట్టె, లోపల పదో పన్నెండో కాయలు, ఒక్కో కాయకు తెల్లటి మెత్తని వల తొడుగు. పెట్టె మీద వలయంలో ఆకుపచ్చ పువ్వు బొమ్మ, రేడియేషన్ ఇచ్చారనడానికి గుర్తు. ధర నలభై డాలర్లకు అటూ ఇటూ. ఇల్లు కొనేటప్పుడు ఇన్‌స్పెక్షన్ కూడా అక్కర్లేదన్న పెద్దమనిషి ఇక్కడ నాలుగు పెట్టెలు విప్పించి, తొడిమ దగ్గర ముక్కు ఆనించి మరీ వాసన చూస్తాడు.

ఆ పువ్వు బొమ్మ వెనక ఇచ్చిపుచ్చుకోడం ఒకటుంది. మన మామిడికి 18 ఏళ్ళపాటు అమెరికా తలుపులు మూసే ఉన్నాయి. 2006 మార్చిలో బుష్ ఢిల్లీ వచ్చినప్పుడు అవి తెరుచుకునే ఒప్పందం కుదిరింది, అటునుంచి హార్లే డేవిడ్‌సన్ మోటార్ సైకిళ్ళు మన రోడ్ల మీదికి రావడానికి దారి పడింది. 2007 ఏప్రిల్‌లో తొలి పెట్టెలు చేరాయి. షరతు ఏమిటంటే, కాయలోని పురుగు సంతతి పెరగకుండా కనీసం 400 గ్రేల రేడియేషన్ ఇవ్వాలి, అదీ అమెరికా వ్యవసాయ శాఖ ఇన్‌స్పెక్టరు కళ్ళ ముందు. కోవిడ్‌లో ఆ ఇన్‌స్పెక్టర్లు రాలేకపోతే ఎగుమతి ఆగిపోయి, మళ్ళీ 2022లో మొదలైంది.

పెట్టుబడి ఎక్కడ అడుగుపెడితే అక్కడి సంస్కృతిని మింగేస్తుందని వాదించే మిత్రులు నాకున్నారు. మామిడిని చూస్తే నాకలా అనిపించదు. ఏ సమాజం దేనికి డబ్బు తీయడానికి ముందే సిద్ధంగా ఉందో కనిపెట్టి, వ్యాపారం అక్కడే కొట్టు తెరుస్తుంది. అమెరికా సూపర్‌మార్కెట్లో ఏళ్ళ తరబడి రాజ్యమేలింది టామీ అట్కిన్స్. 1920లలో ఫ్లోరిడాలో పుట్టిన రకం. ఎర్రటి బుగ్గ, దళసరి తోలు, లారీలో ఎంత దూరం దొర్లినా చెక్కుచెదరదు. లోపల పీచు, రుచి దేవుడెరుగు. వారానికోసారి సరుకులు తెచ్చి ఫ్రిజ్‌లో సర్దుకునే ఇంటికి నిలవుండే కాయ కావాలి, దొరికింది.

జపాన్‌లో కథ వేరు. మియాజాకిలో పండి 'సూర్యుడి గుడ్డు' అనే పేరుతో అమ్ముడయ్యే కాయను కోయరు. కాయ కింద వల కట్టి, పండి దానంతటది రాలేదాకా ఆగుతారు. కనీసం 350 గ్రాములు తూగాలి, తీపి 15 డిగ్రీలకు తగ్గకూడదు. 2019లో సీజన్ తొలి వేలంలో ఒక జత 5 లక్షల యెన్లు పలికింది. అక్కడ అలాంటి పండు తమకోసం కొనేవాళ్ళకంటే కానుకగా ఇవ్వడానికి కొనేవాళ్ళే ఎక్కువ.

కానుకల్లో మనమూ ఏం తీసిపోలేదు. మా తాత కాలంలో కాయ మండీకి పోకముందే గంపలు కదిలేవి. ఆళ్ళగడ్డలో ఇచ్చిన మా పెద్దమ్మ ఇంటికి, నంద్యాల డాక్టరుకి, అప్పిచ్చిన శెట్టికి. వరిగడ్డిలో దోరకాయలు పేర్చి, పైన గోనెపట్టా కుట్టి పంపేవాళ్ళు. ఎవరింటి నుంచి గంప శనక్కాయలతో తిరిగొచ్చిందో, ఎవరింటి నుంచి ఉత్తగా వచ్చిందో మా అవ్వకు ఏళ్ళు గడిచినా గుర్తే. అది ప్రేమే, కాదనను. లెక్క మాత్రం మండీ గుమాస్తా లెక్కకంటే గట్టిది. అందుకే, ఆ రోజుల్లో డబ్బు ప్రసక్తే లేదని ఇక్కడి సభల్లో ఎవరైనా కళ్ళొత్తుకుంటే నాకు నవ్వొస్తుంది.

ఇక పేరు. 2017 మేలో బనగానపల్లె మామిడికి భౌగోళిక గుర్తింపు వచ్చింది. హక్కు ఆంధ్రప్రదేశ్ ఉద్యాన శాఖ కమిషనర్ పేరిట ఉంది. పుట్టిల్లుగా బనగానపల్లె, పాణ్యం, నంద్యాల మండలాలను చూపినా, పరిధిలో కోస్తా ఉంది, తెలంగాణలో ఖమ్మం, మహబూబ్‌నగర్ లాంటి జిల్లాలూ ఉన్నాయి. న్యాయమే, చెట్టు అక్కడా బాగా కాస్తుంది. డిక్కీ చుట్టూ మూగినవాళ్ళలో మాత్రం ఇది ఏ ఊరి తోటదని అడిగినవాణ్ణి నేనింతవరకు చూడలేదు.

పేరుకు దక్కిన గౌరవం తోటదాకా ఎందుకు రాలేదో తెలియాలంటే మా మామ తోటలో చలికాలం నిలబడాలి. చెట్టు నిండా పూత ఉన్నప్పుడే బేపారి వస్తాడు. తల పైకెత్తి వరసలన్నీ తిరుగుతాడు, ఒక రెమ్మ విదిలించి తేనెమంచు పురుగు ఎంతుందో చూస్తాడు, ఒక మొత్తం చెబుతాడు. గుత్త కుదిరితే ఆ ఏటి కాపంతా అతనిది. గాలివాన, వడగళ్ళు, ధర పడిపోవడం, అన్నీ అతని నెత్తినే. రైతుకు పిల్లల ఫీజు, బ్యాంకు కంతు ముందే చేతికొస్తాయి. చికాగోలో పంట చేతికి రాకముందే కుదిరే ఇలాంటి బేరానికి పెద్ద భవనాలున్నాయి, మా దగ్గర చెట్టు నీడ చాలు. బేపారి దుర్మార్గుడేం కాదు, ఒక్క వడగళ్ళవానకు మునిగిపోయినవాళ్ళూ ఉన్నారు. కాకపోతే, కాయ కాయకముందే అమ్మేసిన రైతుకు ఆ కాయ విమానం ఎక్కినా, తోటలో రాలినా వచ్చే రూపాయి ఒక్కటే.

మొన్న ఫోన్లో ఇక్కడి ధర చెప్పాను. మామ మనసులోనే రూపాయల్లోకి మార్చుకున్నాడు.

"కాయ మూడొందల పైనా? ఏం అల్లుడా, ఎగతాళా?"

విమానం ఖర్చు, రేడియేషన్, ఇన్‌స్పెక్టరు, డిక్కీ తెరిచే ఆవిడ, అందరి వాటాలూ వరసపెట్టి చెప్పాను. అంతా విని, ఈ ఏడు బేపారికి సగం తోటే ఇచ్చినానన్నాడు. దోవ పక్క చెట్లు తనే పెట్టుకున్నాడట, పాణ్యం రోడ్డు మీద బండి పెట్టి అమ్ముతాడట.

"గాలి కొడితే?" అన్నాను.

"కొడితే రాలినవన్నీ మీ అత్త ఊరగాయ పెడతాది. ఆ జాడీలు నువ్వు అమ్ముదువులే, మీ గుడికాడ."