చేప దొరికింది... చక్కెర ఏదీ?

ఫారిన్ లొకేషన్లంటే మన సినిమావాళ్ళకు ఎంత మోజో మీకు కొత్తగా చెప్పాలా? 1966లో ‘లవ్ ఇన్ టోక్యో’ వచ్చింది మొదలు, జపాన్ అనగానే కుర్రకారు కళ్ళముందు పూలచెట్లూ రంగు గొడుగులూ కదలాడతాయి. ఈమధ్య టోక్యో వెళ్ళేవాళ్ళు మాత్రం పూలకంటే ముందు చేపల బజారు వెతుక్కుంటున్నారట! త్సుకిజి అని, 1935 నాటి మార్కెట్. టోకు వ్యాపారం 2018 అక్టోబరులో తొయొసు అనే చోటికి తరలిపోయినా, బయటి బజారు అక్కడే నిలిచింది. ముందు గైడు, వెనక పదిమంది. ఒక కొట్టు దగ్గర పచ్చి చేపముక్క, ఇంకో కొట్టు దగ్గర పుల్లకు గుచ్చిన తియ్యటి ఆమ్లెట్టు. తింటూ నడవడం, నడుస్తూ వినడం. దానికి డబ్బు కట్టి మరీ టూరు!

జపాన్ వెళ్ళే స్తోమత మనకెక్కడిది అని నిట్టూర్చకండి. సికిందరాబాద్‌లో రైలెక్కి నిజామాబాద్‌లో దిగండి. అయితే ఏ రోజైతే ఆ రోజు కాదు. మిరుగు నాడు దిగాలి.

మిరుగంటే మృగశిర కార్తె మొదటి రోజు. జూన్ 7నో, 8నో వస్తుంది. ఎండలు పోయి వానలు వచ్చే మలుపు. ఆ రోజు చేప తింటే ఏడాదంతా ఒంటికి మంచిదని తెలంగాణలో నమ్మకం. చేప ముట్టనివాళ్ళు ఇంగువను బెల్లంలో ఉండచేసి మింగుతారు. మిరుగు నాడు ఊరు ఊరంతా రెండే పార్టీలు... చేప పార్టీ, బెల్లం పార్టీ! ఈ రెండో పార్టీని కాస్త గుర్తుంచుకోండి, దానితో ముందుముందు పనుంది.

నాకు దొరికిన గైడు మామూలువాడు కాదు. బోధన్‌లో ఒక టాకీసులో ముప్ఫయ్యేళ్ళు ప్రొజెక్టరు తిప్పిన ఆపరేటర్. ఆ టాకీసు ఇప్పుడు ఫంక్షన్ హాలైంది. ఆయన మాత్రం ఏది చెప్పినా రీళ్ళ లెక్కనే చెబుతాడు. “తమ్మీ, పొద్దుగాల చేపల బజారు ఫస్టు రీలు. పగటీలి బోధన్ సెకండ్ హాఫ్. నడుమ ఇంటర్వెల్ల చాయ్” అని ప్రోగ్రాం చదివేశాడు.

స్టేషన్ నుంచి నడుస్తుంటే ఊరి కథ మొదలైంది. దీని పాత పేరు ఇందూరు. రైలు వచ్చిన రోజుల్లో, 1905లో, నిజామాబాద్ అయింది. ఖిల్లా వైపు చెయ్యి చూపించి, “గదే జైలు. దాశరథిగారిని నిజాం సర్కారు అండ్లనే పెట్టింది. గా దాశరథే తర్వాత సినిమా పాటలు రాసిండు. ఎన్ని పాటలు ఏసిననో నా చేతులతోటి!” అన్నాడు. దాశరథి కృష్ణమాచార్యుల తొలి సినిమా పాటలు 1961 నాటివి. జైలు గోడ మీద బొగ్గుతో పద్యం రాసిన చెయ్యే తర్వాత వెండితెరకు ప్రేమగీతాలు రాసిందంటే, ఆ గోడల్ని ఇంకోసారి తిరిగి చూడకుండా ఎలా ఉంటాం?

చేపల బజారు చేరేసరికి తెల్లవారి గంట కూడా కాలేదు. అయినా సరే, మొదటి రోజు మొదటి ఆట గేటు దగ్గర ఉండేంత తోపులాట! “పోచంపాడు చేప, పోచంపాడు చేప” అని ఒకరు. “నిజాంసాగర్ బొచ్చె” అని మరొకరు. ఇక్కడ చేపకు ముందు ఊరిపేరు చెప్పాలి, తర్వాతే ధర. పోచంపాడు అంటే గోదావరి మీద శ్రీరాంసాగర్. 1963 జూలైలో నెహ్రూగారు పునాదిరాయి వేశారు. నిజాంసాగర్ మంజీర మీది ఆనకట్ట. 1923లో మొదలై 1931కి పూర్తయింది. ఎండాకాలం చివర జలాశయాల్లో నీళ్ళు తగ్గుతాయి గనక వలకు చేప తేలిగ్గా చిక్కుతుంది. వానలు పడ్డాక చేప గుడ్లు పెట్టే కాలం. మన పెద్దవాళ్ళు మిరుగు ముహూర్తం ఊరికే పెట్టలేదన్నమాట.

ఇక తారాగణం. బొచ్చె, రవ్వ... వీటిది కుటుంబ పాత్ర. పెద్ద తల, వెడల్పు ముక్కలు, పులుసుకు పెట్టింది పేరు. జెల్ల కామెడీ రోలు, మీసాలు చూస్తేనే నవ్వొస్తుంది. హీరో ఎవరంటారా? కొర్రమట్ట! తెలంగాణ రాష్ట్ర చేప ఇదే. తక్కినవన్నీ మంచు మీద పడుంటే, ఇది మాత్రం టబ్బులో నీళ్ళు చిమ్ముతూ ఫైటింగు చేస్తుంటుంది. పైకొచ్చి గాలి పీల్చుకోగలదు కాబట్టి కొద్దిపాటి నీళ్ళలోనూ గంటలకొద్దీ బతుకుతుంది. దాని ధరా హీరో రేంజిలోనే ఉంటుంది లెండి.

కోసే అక్క బూడిదతో కొర్రమట్ట జిగురు తోమేసి, ఉప్పూ పసుపూ వేసి కడిగింది. “పసుపు గట్టిగ పట్టియ్యాలె కొడుకా, మనది పసుపు జిల్లా గదా!” అంది. నిజమే. ఇక్కడి మార్కెట్ యార్డుకు వచ్చే పసుపు దేశమంతా ఎరిగినదే. జాతీయ పసుపు బోర్డు 2025లో ఈ ఊళ్ళోనే మొదలైంది. పక్కనే మూకుడులో నూనె కాగుతోంది. కారం, అల్లంవెల్లుల్లి, పసుపు పట్టించిన ముక్క అందులో పడగానే చుట్టూ ఉన్న నలుగురూ మాటలు ఆపేశారు. కాగితం మీద వేసిచ్చిన వేడివేడి ముక్క, పైన నిమ్మచెక్క, పక్కన పచ్చి ఉల్లిగడ్డ. వేళ్ళు కాలుతున్నా ఆగలేదు. త్సుకిజిలో పచ్చిముక్క తినేవాళ్ళకు ఆ సుఖం ఉండనీ, నాకు ఈ సుఖమే చాలు!

“పులుసు అంటే ఎవరి పులుసు?” అని అడిగాడు మా ఆపరేటర్ అన్న. ప్రశ్న అర్థం కాలేదు. చెప్పాడు. నిజాంసాగర్ కాలువలు పారగానే కోస్తా జిల్లాల రైతులు వచ్చి ఇక్కడ భూములు కొన్నారు. వాళ్ళు నిలిచిన ఊళ్ళను నేటికీ క్యాంపులంటారు. క్యాంపుల్లో చేపల పులుసులో మామిడికాయ పడుతుంది. ఊరివాళ్ళ పులుసులో నువ్వులు, ఎండుకొబ్బరి నూరి వేస్తారు. మంజీర దాటితే మహారాష్ట్ర, అక్కడి కారం రుచి వేరు. చేప ఒకటే, నీళ్ళు ఒకటే, గిన్నెలు మూడు.

ఇంటర్వెల్. ఇరానీ చాయ్, ఉప్పు తగిలే బిస్కట్టు. తర్వాత బోధన్ బస్సు.

పాతిక కిలోమీటర్ల పైచిలుకు దారి. జానకంపేట, ఎడపల్లి దాటుతుంటే రెండువైపులా నారుమళ్ళకు దున్నుతున్న పొలాలు. ఎటు చూసినా వరి కోసమే ఏర్పాట్లు. “గిదంత చెరుకుండె తమ్మీ” అన్నాడు అన్న. తర్వాత కొంతసేపు మాట్లాడలేదు. పొద్దుటినుంచీ ఆయన నోరు మూయడం అదే మొదలు.

బోధన్‌ను పూర్వం ఏకచక్రపురం అనేవారని ఇక్కడివాళ్ళ నమ్మకం. బండెడు అన్నం తినే బకాసురుడి ఊరు! భీముడు ఆ బండి తోలుకుపోయి, అన్నం తానే తినేసి, రాక్షసుణ్ణి చంపాడు. 1957లో వచ్చిన ‘మాయాబజార్’లో యస్వీ రంగారావుగారి ఘటోత్కచుడు పెళ్ళివంటలన్నీ ఒక్కడే ఊదేసే సీను మరిచిపోగలమా? తండ్రి బోధన్‌లో నేర్పిన విద్యే మరి!

కానీ ఈ ఊరికి దేశంలో పేరు తెచ్చింది అన్నం కాదు, చక్కెర. నిజాంసాగర్ నీళ్ళు వచ్చాక, 1930ల చివర్లో, ఇక్కడ నిజాం షుగర్ ఫ్యాక్టరీ వెలిసింది. ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదని చెప్పుకున్నారు. దాని చుట్టూ పుట్టిన కాలనీ పేరే షక్కర్‌నగర్. ఉర్దూలో షక్కర్ అంటే చక్కెర. 2002లో అది ప్రైవేటు చేతికి వెళ్ళింది. 2015 డిసెంబరులో మూతపడింది. మళ్ళీ తెరిపించే దారి చూడమని 2024లో ప్రభుత్వం ఒక కమిటీ కూడా వేసింది. మూసిన ఫ్యాక్టరీ చుట్టూ మాత్రం కార్మికులు ఏళ్ళ తరబడి ఎదురుచూశారు.

గోడ పక్కన నిలబడి అన్న చెప్పిన మాటలు నేను ఏ సినిమాలోనూ వినలేదు. “సీజన్ల చెరుకు బండ్లు లైను కట్టేవి. రాత్రంత ఎడ్ల గంటల సప్పుడు. ఊరంత కాగుతున్న బెల్లం వాసన. బండి లైన్ల పెట్టి రైతు సెకండ్ షోకి వచ్చేటోడు. చెరుకు పైసలు వచ్చిన వారం ఏ బొమ్మ ఏసినా హౌస్‌ఫుల్. ఫ్లాప్ బొమ్మ సుత హౌస్‌ఫుల్! ఫ్యాక్టరీ బందైనంక హిట్ బొమ్మకు సుత బెంచీలు ఖాళీ.”

కలెక్షన్ల లెక్కలు మనం రోజూ చదువుతాం. నైజాం ఏరియాలో ఇంత వసూలు, అంత వసూలు అని. ఆ రూపాయి ఎక్కడ పుడుతుందో ఎవరం అడగం. హీరో ఇమేజిలోనే పుడుతుందనుకుంటాం. ఇక్కడ అది చెరకు గడలో పుట్టింది. గడ పోయింది, రూపాయి పోయింది, టాకీసు పోయింది. మొన్న మొన్న 2017లో ‘ఫిదా’లో బాన్సువాడ పిల్ల భానుమతి పల్లె పచ్చదనం చూసి చప్పట్లు కొట్టాం కదా... ఆ పచ్చదనానికి ఆధారం ఈ నిజాంసాగర్ నీళ్ళే. నీళ్ళు అవే. పైరే మారింది.

మధ్యాహ్నం అన్న వాళ్ళింట్లో భోజనం. జొన్నరొట్టె, నువ్వులు నూరి వేసిన రవ్వ పులుసు. పులుసు మొన్నటిదైతే ఇంకా రుచి అంటారు గానీ, ఇది పొయ్యి దిగి గంటకూడా కాలేదు, అయినా మూడు రొట్టెలు లెక్క లేకుండా వెళ్ళిపోయాయి. వదినమ్మది బెల్లం పార్టీ. మెళ్ళో తులసిపూస, చేప ముట్టదు. ఇంగువ కలిపిన బెల్లం ఉండ నోట్లో వేసుకుని నాకూ ఒకటి ఇచ్చింది. ఘాటు ముందు, తీపి తర్వాత.

“బెల్లం ఎక్కడిది వదినమ్మా?” అన్నాను.

“దుకాన్ల తెచ్చిన. యాడికెల్లి వస్తదో ఎవరికెరుక?” అంది. చక్కెర బస్తా మీద కూడా మరో ఊరి పేరే ఉంది. షక్కర్‌నగర్‌కు కూతవేటు దూరంలో ఉన్న ఇల్లది!

కాబట్టి పాఠక మిత్రులారా, వచ్చే మిరుగుకు వెళ్ళండి. ఖాళీ కడుపుతో వెళ్ళండి. పొద్దున్నే వెళ్ళండి, ఎండెక్కితే కొర్రమట్ట మిగలదు. గైడు కోసం ఆఫీసులు వెతక్కండి. ఏ చాయ్ హోటల్లోనైనా పాత టాకీసు సంగతి ఎత్తితే చాలు, ఒకరు లేచి ముందు నడుస్తారు. అయితే నిజామాబాద్ నుంచే తిరిగి రాకండి. చేపతో ఆపితే సగం సినిమా చూసినట్టే. బోధన్ దాకా వెళ్ళి ఒక బెల్లం ఉండ తినండి. చేపకు ముందు ఊరిపేరు అడిగే ఆ మనుషుల దగ్గర, తీపికి కూడా ఊరిపేరు అడగండి. బదులు చెప్పే ముందు వాళ్ళు ఒక్క క్షణం ఆగుతారు. ఆ ఊరి కథ ఆ ఒక్క క్షణంలోనే ఉంది.