వనరాజ్ బాణీలు

ఆదివారం దూరదర్శన్‌లో ‘భారత్ ఏక్ ఖోజ్’ వేళకి మా వీధిలో టీవీ ఉన్న ఇంటి వసారా నిండా చెప్పులే. 1988 నాటి మాట. మొదట ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం సంస్కృతంలో, బృందగానంగా. ఆ వెంటనే అదే భావం హిందీలో. సృష్టికి ముందు ఏముందో ఎవరికి తెలుసని అడిగే సూక్తం అది. వేదమంటే పురోహితుడి ఒంటి గొంతే తెలిసిన మాకు, అన్ని గొంతులు ఒక్కసారిగా లేచేసరికి ఒళ్లు జలదరించేది. హిందీ ముక్క రాని మామ్మ కూడా వత్తులు చేసుకుంటున్న చెయ్యి ఆపి వినేది.

ఆ సంగీతం వనరాజ్ భాటియాది. ఆ పేరు తెరమీద పడేది. ఎవరం చదివాం?

ఆయన 1927లో బొంబాయిలో పుట్టారు. లండన్ రాయల్ అకాడమీలో, ఆ తర్వాత పారిస్‌లో నాదియా బులాంజే దగ్గర పాశ్చాత్య సంగీతం నేర్చారు. ఢిల్లీ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. పొట్టకూటికి మాత్రం ప్రకటనలకు బాణీలు కట్టారు, వేల సంఖ్యలో. జలపాతం కింద అమ్మాయి తడుస్తూ గంతులేసే లిరిల్ సబ్బు ప్రకటన గుర్తుందా? ఆ కూనిరాగమూ ఆయనదే. స్నానాల గదుల్లో ఊరంతా పాడుకుంది.

శ్యామ్ బెనెగల్ తీసిన ‘అంకుర్’ (1974)తో ఆయన సినిమాల్లోకి వచ్చారు. అయిదు లక్షల మంది గుజరాత్ పాడిరైతులు తలా రెండు రూపాయలు వేసుకుని తీయించిన ‘మంథన్’లో ప్రీతి సాగర్ పాడిన పల్లెపాట ఆయన కట్టిందే. తరువాత పాల ప్రకటనగా అది ఇంటింటికీ చేరింది. ‘తమస్’ సంగీతానికి జాతీయ పురస్కారం వచ్చింది. మన ‘అనుగ్రహం’ (1978)కి సంగీతమూ ఆయనదే. వాణిశ్రీ, స్మితా పాటిల్ నటించిన ఆ చిత్రాన్ని మనవాళ్లు ఇంత తొందరగా మరిచిపోవడం నాకు ఇప్పటికీ బాధే.

నా మటుకు ఆయన గొప్పతనమంతా ‘భూమిక’లో ఉంది. ఒక నటి జీవితం ఏళ్ల తరబడి సాగే కథ అది. ఏ దశాబ్దపు సినిమా పాట ఆ దశాబ్దంలో పుట్టినట్టే ఉండాలి. ఆ కాలం గొంతు, ఆ కాలం వాద్యాలు, ఆ కాలం సాగదీత. తన ముద్ర ఎక్కడా కనపడనివ్వకుండా అంత పని చేయడానికి ఎంత విద్య కావాలి, ఎంత నిగ్రహం కావాలి!

ఆ వసారాలు పోయాయి, అందరూ కలిసి ఒక్కసారే వినడమూ పోయింది. ఆయనకు 2012లో పద్మశ్రీ ఇచ్చారు. చివరి రోజుల్లో ఇంట్లో సామాన్లు అమ్ముకుంటున్నారని పత్రికల్లో చదివి మనసు కలుక్కుమంది. 2021 మే 7న వెళ్లిపోయారు. గిరీష్ కర్నాడ్ నాటకాన్ని ఆయన ‘అగ్నివర్ష’ పేరుతో ఒపేరాగా మలిచారు. అడిగినవాళ్ల కోసం కాక, తన కోసం రాసుకున్న సంగీతమది. దాన్ని ఆసాంతం ఒక్కసారి వినాలని ఉంది.