‘కీ’ చెప్పని సంగతి

కొండాపూర్ అనగానే హైటెక్ సిటీ పక్కనున్నది అనుకునేరు. నేను చెబుతున్నది సంగారెడ్డి దగ్గర, శాతవాహనుల కాలపు ఆనవాళ్ళు బయటపడిన కొండాపూర్. ఇక్కడ సాయంత్రాలు పదో తరగతి పిల్లలకు ఇంగ్లీషు చెబుతుంటాను. పటాన్‌చెరు ఫ్యాక్టరీలకు షిఫ్టులకు వెళ్ళేవారి పిల్లలే ఎక్కువ.

చాలాకాలం నా దిద్దుబాటు ఒకటే తీరు. ఎడమచేతి కింద ‘కీ’, కుడిచేతిలో ఎర్రకలం. సరిపోతే టిక్కు, లేకపోతే ఇంటూ.

ఒకనాడు పేపరు అందుకున్న ఒక అమ్మాయి, “నాకు ఇంగ్లీషు రానే రాదు సార్” అంది. ‘ఐ డ్యాష్ హిమ్ సిన్స్ చైల్డ్‌హుడ్’ అన్న ప్రశ్న చూపించి, ‘హావ్ నోన్’ బదులు ‘నో’ ఎందుకు పెట్టావని అడిగాను.

“మన మాటల గట్లనే అంటం గద సార్, నాకు ఆయన చిన్నప్పటి సంది ఎరుకనే అని.”

నిజమే! చిన్నప్పటినుంచి తెలిసినా, ఇవాళే తెలిసినా మనకు ‘తెలుసు’ ఒక్కటే.

ఆ రాత్రి పేపర్లన్నీ మళ్ళీ ముందేసుకున్నాను. ఈసారి మార్కులు కాదు, ఏ తప్పు జవాబును ఎందరు ఎంచుకున్నారో లెక్కపెట్టాను. కొన్ని ప్రశ్నలకు తప్పులు చెల్లాచెదురుగా ఉన్నాయి. అవి గుడ్డిగా పెట్టినవి కావచ్చు. కొన్నింటికి మాత్రం దాదాపు అందరూ ఒకే తప్పు దగ్గర గుమిగూడారు. ‘రాము ఈజ్ కమింగ్’ తర్వాత ‘ఈజింట్ హీ’కి బదులు ‘ఈజింట్ ఇట్’. మన ‘కదా’ ఎవరికైనా ఒకటే మరి. ‘డిస్కస్’ తర్వాత ‘అబౌట్’. మనం దేని ‘గురించో’ చర్చిస్తాం కదా.

పొరపాటు వేరు, దోషం వేరు అని పిట్ కార్డర్ 1967లోనే రాశాడు. పొరపాటు నోరు జారడం వంటిది. పదే పదే ఒకే తీరున వచ్చే దోషం, నేర్చుకునేవారి మనసులో అప్పటికి కట్టుకున్న వ్యాకరణానికి సాక్ష్యం. ఎప్పుడో చదివిన మాట, అర్థమైంది ఆ రాత్రే. తవ్వకాల్లో దొరికిన కుండపెంకును ఎవరూ పారేయరు. అలాంటి ఊళ్ళో ఉంటూ ఇన్నేళ్ళుగా నేను పెంకులన్నీ పారబోశాను!

మర్నాడు బోర్డు మీద ‘కీ’ రాయలేదు. ఒకవైపు మన వాక్యం, దాని పక్కన ఇంగ్లీషు వాక్యం రాసి, ఎక్కడ దారులు వేరవుతున్నాయో పిల్లలనే చెప్పమన్నాను.

ఆ పేపరులో ఆ అమ్మాయి మార్కులు మారలేదు, మార్చకూడదు కూడా. కానీ ఇప్పుడు ‘రాదు’ అనడం మానేసింది. ఇంటూ పడిన చోట వేలుపెట్టి, “ఇది మన తీరా, వాళ్ళ తీరా సార్?” అని అడుగుతోంది.