సవాలీరామ్ ఊరు

విజయవాడలోనో, కాజీపేటలోనో ఢిల్లీ పోయే రైలు ఎక్కితే, నాగపూరు దాటిన తరవాత సాత్పురా కొండలు కనిపిస్తాయి. ఆ కొండలు దిగితే ఇటార్సీ అనే పెద్ద జంక్షను వస్తుంది. దక్షిణం నుంచి ఢిల్లీ పోయే దారీ, బొంబాయి నుంచి జబల్పూరు పోయే దారీ అక్కడ కలుసుకుంటాయి. ఇటార్సీ నుంచి సుమారు 18 కిలోమీటర్లు పోతే మరొక ఊరు వస్తుంది. దాన్ని దాటగానే రైలు నర్మదా నది వంతెన ఎక్కుతుంది. ప్రయాణీకులు కిటికీలలోంచి నదికి నమస్కారం చేస్తారే గాని, వెనక విడిచిపెట్టిన ఊరిని గురించి చాలామంది ఆలోచించరు.

ఆ ఊరి పేరు హోషంగాబాదు. పూర్వం మాళవదేశాన్ని ఏలిన సుల్తాను హోషంగ్ షా పేరు మీదుగా దానికి ఆ పేరు వచ్చింది. 2022లో ఊరి పేరును నర్మదాపురం అని మార్చారు. అయినా ఇక్కడ జరిగిన కథ పాత పేరుతోనే లోకానికి తెలిసింది గనక, మనమూ హోషంగాబాదు అనే చెప్పుకుందాం.

ఊళ్ళో చూడదగినవి చాలా ఉన్నాయి. నది ఒడ్డున సేఠానీ ఘాట్ అనే విశాలమైన మెట్ల రేవు ఉన్నది. ఊరి పొలిమేరలో ఆదంగఢ్ అనే గుట్ట ఉన్నది. వేల సంవత్సరాల కిందట మనుషులు ఆ గుట్ట రాళ్ళ చాటున తలదాచుకుని, రాతిమీద జంతువుల బొమ్మలు గీశారు. ఆ బొమ్మలు ఈనాటికీ కనిపిస్తాయి. మన నోట్లు అచ్చువేయటానికి కావలసిన ప్రత్యేకమైన కాగితాన్ని తయారుచేసే మిల్లు ఒకటి కూడా ఈ ఊళ్ళోనే ఉన్నది. ఊరికి కాస్త ఎగువన బాంద్రాభాన్ అనేచోట తవా నది వచ్చి నర్మదలో కలుస్తుంది.

రేవు మెట్లమీద నిలబడి చూస్తే మనవాళ్ళకు ఒక వింత తోస్తుంది. నర్మద పడమటికి పోతున్నది! మన గోదావరి పడమటి సముద్రానికి 80 కిలోమీటర్ల దూరంలోనే, త్ర్యంబకం దగ్గర పుడుతుంది. అయినా దగ్గరున్న ఆ సముద్రాన్ని వదిలిపెట్టి, 1465 కిలోమీటర్లు తూర్పుగా నడిచి బంగాళాఖాతం చేరుతుంది. నర్మద ఎక్కడో తూర్పున అమరకంటకంలో పుట్టి, 1312 కిలోమీటర్లు పడమటికి నడిచి అరేబియా సముద్రంలో కలుస్తుంది. ఎందుకిలా?

ఇలాటి ప్రశ్న మీలో ఎవరికైనా కలిగిందనుకోండి. ఎవరిని అడుగుతారు? ఇంట్లో అడిగితే, పనిలో ఉన్న పెద్దలు, ‘‘నది గదా, అలాగే పోతుంది,’’ అనవచ్చు. బడిలో అడిగితే, ‘‘ఇవాళ్టి పాఠం అది కాదు, కూర్చో!’’ అనవచ్చు. రెండుసార్లు అలా జరిగితే పిల్లవాడు మూడోసారి అడగడు. నాలుగోసారికి అసలు ప్రశ్నే తోచదు. నష్టం ఏమంటే అదే.

కాని హోషంగాబాదు జిల్లా పిల్లలకు ఆ ఇబ్బంది లేకపోయింది. వాళ్ళకు సవాలీరామ్ అనే ఆయన ఉండేవాడు.

‘సవాలు’ అంటే మన తెలుగులో పందానికి పిలవటం. హిందీలో ‘సవాల్’ అంటే ప్రశ్న. ప్రశ్నలు అడిగించుకోవటానికే పుట్టినవాడు గనక ఆయన సవాలీరామ్ అయినాడు. పల్లెటూరి పిల్లలు కాగితంమీద తమ ప్రశ్న రాసి ఆయన పేర టపాలో వేసేవారు. ఏమైనా అడగవచ్చు. చీమల గురించి అడగవచ్చు, చుక్కల గురించి అడగవచ్చు, తమ ఒంటిని గురించి అడగవచ్చు. అక్షరదోషాలున్నా ఆయన కోప్పడడు. కొన్నాళ్ళకు సవాలీరామ్ దగ్గర నుంచి జవాబు వచ్చేది. అది అచ్చువేసిన కాగితం కాదు. ఆ పిల్లవాడి పేరుతో, ఆ పిల్లవాడి ప్రశ్నకే రాసిన ఉత్తరం! ఊళ్ళో పెద్దవాళ్ళకే ఉత్తరాలు అరుదుగా వచ్చే రోజులలో, తన పేర ఒక ఉత్తరం రావటం ఆ పిల్లవాడికి ఎంత గొప్ప!

చిత్రమేమంటే, సవాలీరామ్‌ను చూసినవాళ్ళు మాత్రం ఒక్కరూ లేరు. ఉండటానికి వీలులేదు కూడా. అలాటి మనిషి లేనే లేడు!

ఇదేమిటో తెలియాలంటే కాస్త వెనక్కు వెళ్ళాలి. హోషంగాబాదు పక్కనే రసూలియా అనేచోట క్వేకర్లు అనే మతశాఖవారు స్థాపించిన గ్రామసేవా కేంద్రం ఒకటి ఉండేది. జిల్లాలో తూర్పు కొసన, బన్‌ఖేడీ దగ్గర, కిశోర్ భారతి అనే సంస్థ ఉండేది. బొంబాయిలో టాటా పరిశోధనాలయంలో పనిచేస్తూ ఉండిన అనిల్ సద్గోపాల్ అనే శాస్త్రజ్ఞుడు, ఆ ఉద్యోగం మానుకుని వచ్చి కిశోర్ భారతిని నెలకొల్పాడు. ఈ రెండు సంస్థలవారూ కలిసి, మధ్యప్రదేశ్ ప్రభుత్వం అనుమతితో, 1972లో జిల్లాలోని 16 మాధ్యమిక పాఠశాలలలో కొత్తరకంగా సైన్సు చెప్పించటం మొదలుపెట్టారు.

ఆ బడులలో సైన్సు బట్టీపట్టటం లేదు. పిల్లలు చిన్న చిన్న జట్లుగా కూర్చుని, ప్రయోగాలు తామే చేసేవారు. చూసింది చూసినట్టు రాసుకునేవారు. పొలాలకూ, కాలవగట్లకూ పోయి మొక్కలను, పురుగులను పరీక్షించేవారు. వాళ్ళ పుస్తకం పేరు ‘బాల వైజ్ఞానిక్’. అందులో ప్రశ్నలుండేవి గాని, జవాబులు సిద్ధంగా ఉండేవి కావు. పరీక్షకు పుస్తకం తీసుకుపోయి, తెరిచి చూసుకోవచ్చు. ఎంత చూసినా, ఆలోచించకపోతే అందులో జవాబు దొరకదు మరి!

ఖరీదైన సామాను కొనే శక్తి పల్లెటూరి బడులకు లేదు. పువ్వును విప్పి లోపలి భాగాలు చూడటానికి ఉక్కుసూదికి బదులు తుమ్మముల్లు పనికివచ్చింది. 1978లో అరవింద్ గుప్తా అనే యువకుడు, మోటారు లారీల కార్ఖానాలో ఇంజనీరు, ఒక ఏడాది సెలవు పెట్టి ఇక్కడికి వచ్చాడు. సైకిలు వాల్వులో వేసే సన్నని రబ్బరు గొట్టాన్ని చిన్న ముక్కలుగా కోసి, వాటితో అగ్గిపుల్లలను జోడించి ఆయన రకరకాల ఆకారాలు తయారుచేశాడు. అలా చేసిన చతురస్రాన్ని నొక్కితే పక్కకు ఒరిగిపోతుంది. త్రిభుజం మాత్రం ఒరగదు. ఇనప వంతెనల కట్టుబడిలో అన్ని త్రిభుజాలు ఎందుకుంటాయో నాలుగు అగ్గిపుల్లలతో తేలిపోయింది! ఈ అరవింద్ గుప్తాకే 2018లో పద్మశ్రీ వచ్చింది.

ఆయన ఒక్కడే కాదు. ఢిల్లీ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పే ఆచార్యులూ, బొంబాయి టాటా పరిశోధనాలయంలోని శాస్త్రజ్ఞులూ వేసవి ఎండలలో ఇక్కడికి వచ్చి, పల్లెటూరి మేష్టర్లతో పాటు నేలమీద కూర్చుని ప్రయోగాలు చేసేవారు. ధనం కోసం వచ్చినవాళ్ళు కారు. మేష్టర్లు వేసే ప్రశ్నలకు ఆ పెద్దలు కూడా ఒక్కొక్కప్పుడు, ‘‘మాకూ తెలియదు, చేసి చూద్దాం,’’ అనేవారు. అంత చదువుకున్నవాళ్ళే అలా అనగా లేనిది, మనం అంటే తప్పేమిటని మేష్టర్లకు ధైర్యం వచ్చింది. మేష్టరు, ‘‘తెలియదు, చూద్దాం,’’ అనగలిగిన బడిలో పిల్లవాడు అడగటానికి భయపడడు.

1978 నాటికి ఈ పద్ధతి జిల్లాలోని మాధ్యమిక పాఠశాలలన్నిటికీ వ్యాపించింది. 1982లో దీన్ని నడపటానికి ‘ఏకలవ్య’ అనే సంస్థ ఏర్పడింది. ప్రశ్నలు అడగటం నేర్చిన పిల్లలు బడిలో పాఠంతో ఆగుతారా? ఆ మిగిలిన ప్రశ్నల కోసమే సవాలీరామ్ పుట్టాడు. ఉత్తరం వస్తే, ఆ విషయం తెలిసినవారు ఎవరో చూసి వారిచేత జవాబు చెప్పించి, పిల్లలకు అర్థమయ్యే హిందీలో రాసి పంపేవారు. జవాబు ఎవరిదైనా సరే, కింద పేరు మాత్రం సవాలీరామ్‌దే. అంటే, ఎంతోమంది తమ పేరు దాచుకుని కలిసి అయిన మనిషి సవాలీరామ్.

ఇక నర్మద సంగతి. దక్కను పీఠభూమి మొత్తం మీద తూర్పుకు వాలి ఉన్నది. అందుకే గోదావరీ, కృష్ణా తూర్పుకు పోతాయి. నర్మదకు ఉత్తరాన వింధ్య పర్వతాలు, దక్షిణాన సాత్పురా పర్వతాలు. ఈ రెంటి మధ్య నేల పగిలి, కుంగి, పొడుగాటి పల్లం ఏర్పడింది. ఆ పల్లం పడమటికి వాలి ఉన్నది. నీటికి దగ్గర సముద్రం ఏదో తెలియదు. పల్లం మాత్రమే తెలుసు.

వంతెన దాటితే అవతలి ఒడ్డున బుధనీ అనే ఊరు ఉన్నది. అక్కడ రంగురంగుల కొయ్యబొమ్మలు చేస్తారు. మన ఏటికొప్పాక బొమ్మలకు అవి దగ్గర చుట్టాలు. ఇక్కడ మనం అంకుడు కర్ర అనేదాన్నే అక్కడ దుధీ అంటారు. ఈ బొమ్మలకు కుంచెతో రంగు వెయ్యరు. లేతు మిషనుమీద గిర్రున తిరుగుతున్న కొయ్యకు రంగు కలిపిన లక్క కడ్డీని ఆనించి పట్టుకుంటారు. నిప్పు లేదు, పొయ్యి లేదు. అయినా లక్క కరిగి కొయ్యకు అంటుకుంటుంది! ఎలాగ? మీ రెండు అరచేతులనూ గట్టిగా, త్వరత్వరగా రుద్ది బుగ్గలకు ఆనించుకోండి. జవాబు మీ బుగ్గలే చెబుతాయి.

మంచి జవాబు ఇలా ఉండాలి. అది ప్రశ్న నోరు మూయించదు. ‘‘నువ్వే చూడు,’’ అని చెయ్యి పట్టుకుని తీసుకుపోతుంది.

అయితే ఈ కథలో కష్టకాలం కూడా వచ్చింది. ఈ పద్ధతిలో చదివితే తమ పిల్లలు పై తరగతులలో వెనకబడిపోతారని కొందరు వాదించారు. అది నిజం కాదని మరికొందరు వాదించారు. చివరకు 2002లో ప్రభుత్వం దాన్ని ఆపివేసింది. 30 ఏళ్ళు నడిచిన కార్యక్రమం ముగిసింది. ఆ జిల్లా బడులలోకీ మిగిలిన జిల్లాల పాఠ్యపుస్తకాలే వచ్చాయి.

బడిలో పాఠం మారింది గాని, సవాలీరామ్ చావలేదు. ఏకలవ్యవారు అచ్చువేసే పత్రికలో ఆయన శీర్షిక సాగింది. తరవాత సవాలీరామ్ పేరుతోనే, మన దేశంలో పలు భాషల పిల్లలు అడిగే ప్రశ్నలను పోగుచేసే పని కూడా మొదలయింది. ఇతర దేశాలలోనూ, తమ పని చూసుకున్న తరవాత తీరిక చేసుకుని, ముక్కూ మొహం తెలియనివారి ప్రశ్నలకు జవాబులు రాసే శాస్త్రజ్ఞులూ, విద్యార్థులూ ఎందరో ఉన్నారు. ఇప్పుడు ప్రశ్న టపా సంచీలో ప్రయాణం చెయ్యనక్కరలేదు; క్షణంలో సముద్రాలు దాటుతుంది. కాని జవాబు రాసేవాడికి కావలసిన ఓపిక మాత్రం అప్పుడెంతో ఇప్పుడూ అంతే.

పెద్దలకు ఒక మాట. ప్రతి ప్రశ్నకూ జవాబు తెలిసి ఉండటం ఎవరి తరమూ కాదు. ‘‘తెలియదు, ఇద్దరం కలిసి చూద్దాం,’’ అనటం మాత్రం అందరికీ సాధ్యమే. ఆ మాట అన్నవారి ఇంట్లో సవాలీరామ్ ఉన్నట్టే.

పిల్లలకు ఒక పని. ఎండాకాలంలో కొత్త కుండలోనూ, స్టీలు బిందెలోనూ ఒకే బావినీళ్ళు పోసి, నీడపట్టున ఉంచండి. సాయంకాలం రెండిట్లోనూ చెయ్యి పెట్టి చూడండి. కుండలో నీళ్ళు చల్లగా ఉంటాయి. కుండ గోడలో కంటికి కనబడని సన్నని రంధ్రాలున్నాయి. వాటిలోంచి నీరు పైకి ఊరి, ఆవిరి అయిపోతుంది. ఆవిరి కావటానికి వేడి కావాలి గనక, ఆ వేడిని కుండలోని నీళ్ళనుంచి లాక్కుంటుంది. బిందెకు రంధ్రాలు లేవు.

ఇంతవరకూ మేము చెప్పాము. అదే కుండ వానాకాలంలో, ముసురు పట్టిన రోజున, నీళ్ళను అంతగా చల్లబరచదు. ఎందుచేత? దీనికి జవాబు ఇక్కడ అచ్చువెయ్యటం లేదు. ముసురు పట్టినప్పుడు దండెంమీద బట్టలు ఎంతసేపటికి ఆరుతున్నాయో చూడండి. చూసి, ఆలోచించి, మీ జవాబును మీ మేష్టరుగారికి చెప్పండి.