ఒక్క మాటకు అర్థం

తెనాలి దగ్గర ఒక పల్లెలో, కాలువ కింద నాలుగెకరాల మాగాణి సాగుచేసుకొనే రైతు జీవితంలో ఒక చిన్న మాట పెద్ద ప్రమాదం తెచ్చిపెట్టింది. అరవై ఆరేళ్ళ వయసులో ఒకనాడు తలదిమ్ముగా ఉందని ఆయన పట్నం వెళ్ళి వైద్యునికి చూపించుకొన్నాడు. వైద్యుడు చేతికి పట్టీ చుట్టి చూసి, “హైపర్‌టెన్షన్ ఉంది. 160/100 చూపిస్తోంది. రోజూ ఒక మాత్ర వేసుకోవాలి. మానకూడదు” అని చీటీ రాసి ఇచ్చాడు. బయట ఇంకా చాలామంది వేచి ఉన్నారు. అడగడానికి రైతుకు చొరవ చాలలేదు. వివరించడానికి వైద్యునికి తీరిక చిక్కలేదు.

ఆ మాటలో రైతు చెవిని పడింది ‘టెన్షన్’ ఒక్కటే. అది ఆయనకు కొత్త మాట కాదు. పంట అమ్ముడుపోకపోయినా, అప్పులవాడు గుమ్మంలో నిలిచినా ఊరివారందరూ వాడే మాటే. చిన్న కూతురి పెళ్ళి, అందుకోసం చేసిన బాకీ ఆయన మనసును తొలుస్తున్న రోజులవి. డాక్టరు సరిగ్గానే కనిపెట్టాడని అనుకొని, బుద్ధిగా మాత్రలు వేసుకొన్నాడు. ఏడాది గడిచింది. పెళ్ళి జరిగింది. బాకీ తీరింది. “టెన్షన్ పోయింది గదా, ఇంక మాత్రెందుకు?” అని మానేశాడు.

ఆ ఇంట్లో ఇంటర్మీడియట్ బైపీసీ చదువుతున్న మనుమరాలు ఉంది. రక్తప్రసరణ వ్యవస్థ పాఠంలో హైపర్‌టెన్షన్ నిర్వచనాన్ని పొల్లుపోకుండా రాసి మంచి మార్కులు తెచ్చుకొన్న అమ్మాయి. తాత మాట విని నవ్వి ఊరుకొంది. తాను చదివిన మాటకూ, తాత పలికిన మాటకూ మధ్య ఎంత అగాధముందో ఆ క్షణంలో ఆమెకు తట్టలేదు.

నాలుగు నెలల తరువాత ఒక తెల్లవారుజామున ఆయన నీళ్ళచెంబు అందుకోబోతే కుడిచెయ్యి లేవలేదు. మూతి ఒక పక్కకు లాగింది. మనుమరాలిని పిలవబోతే మాట ముద్దగా వచ్చింది. ఇంటివారు వెంటనే ఆసుపత్రికి చేర్చడంతో ప్రాణం దక్కింది. మాట క్రమంగా తేరుకొంది. కుడిచేతికి మాత్రం పూర్వపు పట్టు రాలేదు.

ఆసుపత్రిలో ఒక నర్సు ఆయన మంచం పక్కన కూర్చొని అడిగింది: “తాతగారూ, కాలువ నిండుగా పారేటప్పుడు గట్టు మీద ఒత్తిడి ఉంటుందా?”

“ఉండదా మరి!”

“ఆ ఒత్తిడి మీ మనసులో ఉందా, నీళ్ళలో ఉందా?”

“నీళ్ళలోనే” అని ఆయన చిన్నగా నవ్వాడు.

“రక్తం సంగతీ అంతే. గట్టుకు గండి పడేదాకా కాలువ చప్పుడు చేయదు. మాత్ర లాకులాంటిది. మట్టం తగ్గింది గదా అని లాకు వదిలేస్తే నీరు మళ్ళీ పెరుగుతుంది.”

ఆయన కొంతసేపు మౌనంగా ఉండి, “ఈ మాట ముందే ఎవరైనా చెప్పి ఉంటే ఎంత బాగుండేదమ్మా!” అన్నాడు. ఆ మాట అన్నది నర్సుతోనే. మంచం అవతల నిలబడిన మనుమరాలు మాత్రం తల దించుకొంది.

ఇంటికి వచ్చాక ఆమె తాత ఆసుపత్రి కాగితాలను ముందు పెట్టుకొని, నిఘంటువుల సాయంతో ఒక్కొక్క మాటనూ విప్పసాగింది. ‘హైపర్’ అంటే గ్రీకు భాషలో ‘పైన, మించి’ అని అర్థం. అది సంస్కృతంలోని ‘ఉపరి’కి జ్ఞాతి. ‘టెన్షన్’ అంటే లాటిన్‌లో సాగదీయడం, బిగించడం. వీణ మీద బిగించిన ‘తంత్రి’ కూడా ఆ కుటుంబంలోదే. బిగువు పెరిగింది రక్తనాళాలలో; మనసులో కాదు. దిగులు రక్తపోటును కాసేపు పెంచవచ్చు. అయితే ఏ దిగులూ లేని మనిషిలో కూడా ఆ వ్యాధి ఏళ్ళ తరబడి నిశ్శబ్దంగా ఉండగలదు. 120/80 అనే అంకెలలో మొదటిది గుండె ముడుచుకొన్నప్పటి ఒత్తిడి, రెండవది గుండె వదులైనప్పటి ఒత్తిడి. 140/90, లేదా అంతకు మించి పదేపదే కనబడితే దానిని వ్యాధిగా గుర్తిస్తారు. తెలుగువారి ‘రక్తపోటు’లోని పోటు, సముద్రపు ఆటుపోట్లలోని పోటే. తాతకు ఆనాడు ఈ ఒక్క మాట చెప్పి ఉంటే చాలునేమో అని ఆమెకు అనిపించింది.

అక్కడినుండి ఆమె ఒక నోటుపుస్తకం పెట్టుకొంది. భయపెట్టే పేర్లన్నీ ఒకప్పుడు ఇంటి మాటలేనని దానితో తెలిసివచ్చింది. మోకాలి ఎముకకు ‘పటెల్లా’ అని పేరు. లాటిన్‌లో దానికి చిన్న పళ్ళెమని అర్థం. తెలుగువారు దానినే మోకాలి చిప్ప అన్నారు. కంటి నడుమ నల్లని బిందువును ‘ప్యూపిల్’ అంటారు. దాని మూలానికి చిన్న బొమ్మ అని అర్థం. తెలుగులో అది కంటిపాప. ఎదుటివారి కంటిలో తన చిన్ని ప్రతిబింబాన్ని చూసుకొన్న మనిషికి రెండు దేశాలలోనూ ఒకే ఊహ కలిగిందన్నమాట. చరక సుశ్రుత సంహితలలోని ‘మధుమేహం’లో తేనె ఉంది, ‘డయాబెటిస్ మెల్లిటస్’లోని రెండవ మాటకూ తేనె తీపి అనే అర్థం. ‘పక్షవాతం’లోని పక్షమంటే ఒక వైపు. మెదడు ఎడమభాగంలో రక్తనాళం పగిలినా, పూడుకుపోయినా శరీరపు కుడివైపు చచ్చుబడుతుంది.

కొన్ని మాటల తోకలు కూడా ఆమెకు పట్టుబడ్డాయి. చివర ‘ఐటిస్’ ఉంటే వాపుతో కూడిన వ్యాధి: టాన్సిలైటిస్, అపెండిసైటిస్. చివర ‘ఎక్టమీ’ ఉంటే కోసి తొలగించడం. ‘హైపర్’ ఎక్కువైతే ‘హైపో’ తక్కువ. ఈ ఒక్క అక్షరపు తేడా తెలియక, చక్కెర పడిపోయిన మనిషికి చక్కెర పెరిగిందనుకొని తీపి ఇవ్వకపోతే ప్రాణాపాయమే.

అయితే అర్థం చేసుకోవలసిన బాధ్యత రోగిదే కాదు. రైతు తన చేతి బాధను చెప్పుకొనేటప్పుడు, “ఉదయం తిమ్మిరి, మధ్యాహ్నం పీకుడు, రాత్రి సలుపు” అనేవాడు. ఇవి మూడు వేర్వేరు బాధలు. మూడింటినీ ‘నొప్పి’ అని ఒకే మాటతో రాసుకొంటే వైద్యుడు సగం సమాచారాన్ని పోగొట్టుకొన్నట్లే. ‘గుండెల్లో మంట’ అన్నప్పుడు అది పులితేనుపుల మంటో, నిజంగా గుండెకు వచ్చిన ముప్పో ఓపికతో అడిగి తెలుసుకోవాలి. శాస్త్రం తన పేర్లను వదులుకోనక్కరలేదు. ఏ దేశపు వైద్యులైనా ఒకరినొకరు పొరపాటు లేకుండా అర్థం చేసుకోవడానికి ఆ పేర్లు కావాలి. కాని రోగి ముందు వాటిని ఒకసారి విప్పి చూపాలి.

ఇప్పుడా రైతు ఎడమచేత్తో మాత్ర తీసుకొని, గోడకు తగిలించిన కాగితం మీద గీత పెడతాడు. రక్తపోటు అంకెలను మనుమరాలు పక్కనే రాస్తుంది. మొన్న పొరుగింటాయన అరుగు మీద కూర్చొని, తనకూ హైపర్‌టెన్షన్ ఉందన్నారనీ, కొడుక్కు ఉద్యోగం వచ్చింది కాబట్టి ఇక తగ్గిపోతుందనీ చెప్పబోయాడు.

రైతు ఆయన మాటకు అడ్డం వచ్చి, నెమ్మదిగా, ఒక్కొక్క అక్షరం కూడదీసుకొంటూ అన్నాడు: “అది టెన్షన్ కాదు బావా, పోటు. ఇట్లా కూర్చో, చెబుతాను.”